పరికరాలు చూసి విమానం నడపడం: విజయనగరం, శ్రీకాకుళం విద్యార్థుల తరచుగా అడిగే ప్రశ్నలు

ఇన్‌స్ట్రుమెంట్ ఫ్లయింగ్ అంటే ఏమిటి? మామూలు ఫ్లయింగ్‌కూ దీనికీ తేడా ఏమిటి?

మామూలుగా పైలట్ దిగంతాన్ని చూసి రెక్కలు సమంగా ఉన్నాయో లేదో తెలుసుకుంటాడు. రోడ్డు, రైలుపట్టా, ఏరు చూసి దారి పట్టుకుంటాడు. దీని నియమాలను వీఎఫ్‌ఆర్ (విజువల్ ఫ్లైట్ రూల్స్) అంటారు. మబ్బులో ఇవేవీ కనిపించవు. అప్పుడు ముందున్న పరికరాలు చూసి విమానాన్ని నిలబెట్టడం, రేడియో సంకేతాల సాయంతో రన్‌వే దాకా తెచ్చుకోవడం ఇన్‌స్ట్రుమెంట్ ఫ్లయింగ్. ఈ నియమాల పేరు ఐఎఫ్‌ఆర్ (ఇన్‌స్ట్రుమెంట్ ఫ్లైట్ రూల్స్). 1929 సెప్టెంబరు 24న న్యూయార్క్ దగ్గర మిచెల్ ఫీల్డ్‌లో జిమ్మీ డూలిటిల్ కాక్‌పిట్‌కు ముసుగు వేసుకుని, బయటికి చూడకుండా టేకాఫ్ నుంచి ల్యాండింగ్ దాకా మొదటిసారి చేసి చూపించాడు. ఆయన నమ్ముకున్న కృత్రిమ దిగంతం, దిక్కు చూపే డైరెక్షనల్ జైరో, ఎత్తు చూపే సున్నితమైన ఆల్టిమీటర్ ఈనాటి శిక్షణ విమానాల్లోనూ ఉన్నాయి.

మన దేశంలో వీఎఫ్‌ఆర్‌కు 10,000 అడుగుల లోపు 5 కిలోమీటర్ల దృశ్యత ఉండాలి. మబ్బుకు పక్కగా 1,500 మీటర్లు, పైకీ కిందికీ 1,000 అడుగులు ఎడం ఉండాలి. సూర్యాస్తమయం దాటిన 20 నిమిషాల నుంచి సూర్యోదయానికి 20 నిమిషాల ముందు వరకు వీఎఫ్‌ఆర్ ప్రయాణం కుదరదు. ఏరోడ్రోమ్ పరిసరాల్లో శిక్షణకు ఏటీసీ (ఎయిర్ ట్రాఫిక్ కంట్రోల్) ఇచ్చే మినహాయింపు వేరు. కాబట్టి ఎయిర్‌లైన్ ఉద్యోగం కావాలంటే ఇన్‌స్ట్రుమెంట్ రేటింగ్ (పరికరాలతో నడిపే అర్హత) తప్పదు.

విమానం వంగితే మన ఒంటికి తెలియదా?

తెలియదు. ఎక్కువమందికి నమ్మబుద్ధి కానిది ఇదే, ప్రాణాలు తీసేదీ ఇదే.

లోపలి చెవిలో మూడు అర్ధవృత్తాకార నాళాలున్నాయి. వాటిలోని ద్రవం తిరుగుడు మొదలైనప్పుడు, ఆగినప్పుడు మాత్రమే కదిలి మెదడుకు కబురు చెబుతుంది. మలుపు ఒకే వేగంతో 15, 20 సెకన్లు సాగిందంటే ద్రవం నాళంతో పాటే తిరుగుతుంది. మీకు తిన్నగా పోతున్నట్టే ఉంటుంది. ఆ దశలో రెక్కలు సమం చేస్తే, రెండో వైపుకి ఒరిగిపోతున్నట్టు అనిపించి మళ్లీ పాత మలుపులోకే తోస్తారు. విమానం మెల్లగా, సెకనుకు ఒకటి రెండు డిగ్రీల చొప్పున వంగితే మొదటి కబురు కూడా అందదు.

టేకాఫ్‌లో ఇంకో మోసం. వేగం పెరుగుతుంటే ఒళ్లు వెనక్కి నొక్కుకుపోయి, విమానం ముక్కు బాగా పైకి లేచిందనిపిస్తుంది. చీకట్లో, ఎదురుగా సముద్రం ఉన్నప్పుడు, ఆ మాట విని ముక్కు కిందికి నొక్కితే నీళ్లలోకే.

1954లో ఇల్లినాయ్ విశ్వవిద్యాలయంలో ఒక ప్రయోగం చేశారు. ఇన్‌స్ట్రుమెంట్ శిక్షణ లేని 20 మందికి మబ్బులో ఉన్నట్టు పరిస్థితి కల్పిస్తే, ఇరవై మందీ అదుపు కోల్పోయారు. సగటున పట్టిన సమయం 178 సెకన్లు. అంటే మూడు నిమిషాలు కూడా కాదు.

అందుకే ఈ శిక్షణలో సగం పని పరికరాలు చదవడం కాదు, ఒంటి మాట వినకపోవడం. తల ఒక్కసారిగా తిప్పకండి. కింద పడిన పెన్ను వంగి తీయకండి. ఏ అనుమానం వచ్చినా కళ్లు యాటిట్యూడ్ ఇండికేటర్ (వంపు, ముక్కు ఎత్తు చూపే కృత్రిమ దిగంతం) మీదికి పోవాలి.

ఇంటర్ అయింది. ఏ వరుసలో వెళ్లాలి?

ఇంటర్‌లో ఫిజిక్స్, మ్యాథ్స్ ఉండాలి. బైపీసీ వాళ్లు ఆ రెండు సబ్జెక్టులు విడిగా రాసి పాసవ్వాలి. స్టూడెంట్ పైలట్ లైసెన్సుకు 16 ఏళ్లు, కమర్షియల్ లైసెన్సుకు 18 ఏళ్లు నిండాలి.

ఏ స్కూలుకైనా ఫీజు కట్టేముందు మెడికల్ చేయించుకోండి. ముందు క్లాస్ 2, తరువాత క్లాస్ 1. కళ్లజోడు ఉన్నా పర్వాలేదు. దాంతో చూపు ప్రమాణానికి రావాలి. రంగుల చూపు లోపం మాత్రం పెద్ద అడ్డంకి. ఇన్‌స్ట్రుమెంట్ రేటింగ్‌కు వినికిడి పరీక్ష అదనం. లక్షలు కట్టాక రంగుల చూపు పరీక్షించే ఇషిహారా బొమ్మల దగ్గర ఆగిపోవడం కంటే, ముందే తెలుసుకోవడం మేలు.

తరువాత డీజీసీఏ (దేశంలో పౌర విమానయాన నియంత్రణ సంస్థ) దగ్గర పరీక్షల కోసం కంప్యూటర్ నంబరు తీసుకుని ఎయిర్ నావిగేషన్, మెటియరాలజీ, ఎయిర్ రెగ్యులేషన్స్, టెక్నికల్ జనరల్, టెక్నికల్ స్పెసిఫిక్ పేపర్లు రాయాలి. పాస్ మార్కు 70 శాతం. రేడియో లైసెన్సు ఆర్‌టీఆర్ వేరే పరీక్ష. ఈ చదువంతా విజయనగరంలోనో టెక్కలిలోనో ఇంట్లో కూర్చునే పూర్తి చేయొచ్చు. పేపర్లు పాసై ఫ్లయింగ్‌కు వెళ్లినవాళ్లకు వాతావరణం బాగున్న ప్రతి రోజూ ఎగరడానికే మిగులుతుంది.

ఎన్ని గంటలు కావాలి?

కమర్షియల్ లైసెన్సుకు మొత్తం 200 గంటలు. అందులో 100 పైలట్ ఇన్ కమాండ్‌గా (విమానం బాధ్యత మీదిగా), 10 గంటలు ఇన్‌స్ట్రుమెంట్ టైమ్. ఇన్‌స్ట్రుమెంట్ రేటింగ్ కూడా కావాలంటే ఇన్‌స్ట్రుమెంట్ టైమ్ 40 గంటలకు చేరాలి. వాటిలో 20 గంటలకు మించకుండా ఆమోదించిన సిమ్యులేటర్ మీద చేయొచ్చు. పైలట్ ఇన్ కమాండ్‌గా 50 గంటల క్రాస్ కంట్రీ (ఒక చోటి నుంచి ఇంకో చోటికి ప్రయాణం) కూడా ఉండాలి.

ఖర్చు ఎక్కువగా ఈ గంటల మీదే తేలుతుంది. సిమ్యులేటర్ గంట విమానం గంట కంటే బాగా చవక. హోల్డింగ్ (గాల్లో చుట్లు కొడుతూ వేచి ఉండడం), అప్రోచ్ (రన్‌వే వైపు దిగి రావడం) లాంటి ఆలోచనతో చేసే పనులు సిమ్యులేటర్‌లో అరగదీసి, విమానంలో చేతి అలవాటుకు మాత్రమే డబ్బు పెట్టడం తెలివైన పద్ధతి. లాగ్‌బుక్‌లో ఇన్‌స్ట్రుమెంట్ గంటలు, సిమ్యులేటర్ గంటలు వేరువేరు గడుల్లో ఏ రోజుకారోజు రాయించి సంతకం పెట్టించుకోండి. కలగాపులగంగా రాసిన లాగ్‌బుక్ దరఖాస్తు దగ్గర వెనక్కి వస్తుంది.

భోగాపురం విమానాశ్రయం వచ్చింది కదా, అక్కడే నేర్చుకోవచ్చా?

భోగాపురంలోని అల్లూరి సీతారామరాజు అంతర్జాతీయ విమానాశ్రయానికి 2023 మేలో శంకుస్థాపన జరిగింది. రన్‌వే 3,800 మీటర్లు. అయితే అది ప్రయాణికుల విమానాల కోసం కట్టింది. విశాఖ విమానాశ్రయం నౌకాదళం వారి ఐఎన్‌ఎస్ డేగాలో ఉంది. పెద్ద విమానాశ్రయం పక్కన ఉన్నంత మాత్రాన ఫ్లయింగ్ స్కూలు ఉన్నట్టు కాదు. బయటి ఊళ్లో ఉండి నేర్చుకోవాలనే లెక్కలోనే ఉండండి. మనకు రైలు దారిలో దగ్గర భువనేశ్వర్. అక్కడ ఒడిశా ప్రభుత్వ శిక్షణ సంస్థ ఉంది. ఆ పైన హైదరాబాద్, గోందియా, ఉత్తరప్రదేశ్‌లోని ఫుర్సత్‌గంజ్.

స్కూలు ఎంచుకునేటప్పుడు మెరిసే బ్రోచర్ పక్కన పెట్టి ఇవి అడగండి. ఈ రోజు ఎగరగలిగే స్థితిలో ఎన్ని విమానాలున్నాయి? వాటిలో వీఓఆర్ (స్టేషన్ నుంచి మన దిశ చూపే రేడియో సాధనం), ఐఎల్‌ఎస్ (రన్‌వే మీదికి దిగే దారి చూపే రేడియో సాధనం) పని చేసేవి ఎన్ని? సిమ్యులేటర్‌కు డీజీసీఏ ఆమోదం ఏ తేదీ దాకా ఉంది? ఇన్‌స్ట్రుమెంట్ నేర్పడానికి అర్హత ఉన్న ఇన్‌స్ట్రక్టర్లు ఎంతమంది? విద్యార్థుల సంఖ్యను ఎగిరే విమానాల సంఖ్యతో భాగించండి. ఒక్కో విమానానికి ఎక్కువమంది తేలితే నెలల తరబడి వరుసలో నిలబడాల్సి వస్తుంది. ఫీజు మొత్తం ఒకేసారి కట్టొద్దు, విడతలుగా కట్టండి.

ప్యానెల్ మీద ఆరు గడియారాలున్నాయి. ఏది ఎప్పుడు చూడాలి?

పై వరుసలో ఎయిర్‌స్పీడ్ ఇండికేటర్, యాటిట్యూడ్ ఇండికేటర్, ఆల్టిమీటర్. కింది వరుసలో మలుపు వేగం చూపే టర్న్ కోఆర్డినేటర్, దిక్కు చూపే హెడింగ్ ఇండికేటర్, ఎక్కే దిగే వేగం చూపే వీఎస్‌ఐ. మధ్యలో ఉన్న యాటిట్యూడ్ ఇండికేటర్ ఇరుసు. చూపు అక్కడ బయలుదేరి ఒక పరికరం దగ్గరికి పోయి, మళ్లీ అక్కడికే వచ్చి, ఇంకో పరికరం దగ్గరికి పోవాలి. దీన్ని స్కాన్ అంటారు.

స్కాన్ మూడు రకాలుగా చెడుతుంది. మొదటిది ఒక్కదాని మీదే కళ్లు అంటుకుపోవడం. ఎత్తు 80 అడుగులు పోయిందని ఆల్టిమీటర్‌నే చూస్తూ ఉంటే ఈలోగా హెడింగ్ 20 డిగ్రీలు జారుతుంది. రెండోది ఒకదాన్ని అసలు చూడకపోవడం. సాధారణంగా అది హెడింగ్ ఇండికేటరే. మూడోది నచ్చిన పరికరాన్ని అతిగా నమ్మడం. కొత్తవాళ్లు వీఎస్‌ఐ వెంట పడతారు. అది కొన్ని సెకన్లు ఆలస్యంగా చూపిస్తుంది కాబట్టి దాని వెంట పడితే విమానం పైకీ కిందికీ ఊగుతూనే ఉంటుంది.

ఎత్తు నిలవట్లేదు. చేతిలో లోపమా?

ఎక్కువసార్లు ట్రిమ్‌లో (కంట్రోల్ మీద ఒత్తిడి తీసేసే చక్రంలో) లోపం. కంట్రోల్‌ను గట్టిగా పట్టుకున్న చేతికి విమానం చెప్పేది అందదు. రెండు వేళ్లతో పట్టుకోండి. వరుస ఇది: ముక్కు ఎంత ఎత్తులో ఉండాలో పెట్టండి, పవర్ పెట్టండి, వేగం స్థిరపడనివ్వండి, అప్పుడు ఒత్తిడి పోయేదాకా ట్రిమ్ తిప్పండి. వేగం ఇంకా మారుతుండగానే ట్రిమ్ చేస్తే ఆ పని మళ్లీ మళ్లీ చేయాలి.

రెండో మందు అంకెలు. మీరు ఎగిరే విమానానికి ఒక చిన్న పట్టిక రాసుకోండి: ఎక్కడానికి, సమంగా పోవడానికి, నిమిషానికి 500 అడుగులు దిగడానికి, ఐఎల్‌ఎస్ మీద దిగడానికి ఎంత ఆర్‌పీఎం, ముక్కు ఎక్కడ, వేగం ఎంత. ఉదాహరణకు సెస్నా 172లో 90 నాట్ల (గంటకు 90 నాటికల్ మైళ్ల) దగ్గర ఐఎల్‌ఎస్ మీదికి 1,800 ఆర్‌పీఎం చుట్టుపక్కల మొదలుపెట్టి సరిచూసుకోవచ్చు. ఒకే మోడల్ రెండు విమానాలకు కూడా 50, 100 ఆర్‌పీఎం తేడా వస్తుంది. అందుకే పక్కవాడి పట్టిక నకలు కొట్టొద్దు.

మలుపుకూ లెక్క ఉంది. ప్రామాణిక మలుపు సెకనుకు 3 డిగ్రీలు, పూర్తి చుట్టుకు 2 నిమిషాలు. ఎంత వంచాలంటే, నాట్లలో వేగాన్ని పదితో భాగించి వచ్చినదానికి అందులో సగం కలపండి: 100 నాట్లకు 10, సగం 5, మొత్తం 15 డిగ్రీలు. మలుపు ఆపడానికి వంపులో సగం డిగ్రీలు ముందే మొదలుపెట్టండి.

పరికరమే పాడైతే ఎలా తెలుస్తుంది?

పాత తరహా ప్యానెల్‌లో యాటిట్యూడ్, హెడింగ్ ఇండికేటర్లు వాక్యూమ్ పంపు గాలితో తిరుగుతాయి. టర్న్ కోఆర్డినేటర్ కరెంటుతో. పంపు లాగుడు చూపే సక్షన్ గేజ్ 4.5, 5.5 పాదరసం అంగుళాల మధ్య ఉండాలి. పంపు చచ్చిపోతే జైరో (లోపల తిరిగే చక్రం) వెంటనే పడిపోదు, నెమ్మదిగా ఒరుగుతుంది. ఆ ఒరుగుడును మీరు సరిచేస్తూ పోతే విమానం స్పైరల్‌లోకి (చుట్లు తిరుగుతూ వేగంగా దిగిపోవడంలోకి) వెళుతుంది. యాటిట్యూడ్ ఒకటి చెబుతూ, టర్న్ కోఆర్డినేటర్, ఎయిర్‌స్పీడ్, ఎత్తు ఇంకొకటి చెబుతుంటే, రెండు మూడు కలిసి చెప్పేదాన్ని నమ్మి చెడిపోయినదాన్ని కాగితంతో మూసేయండి. చూపు అటు పోకుండా ఆపేది ఆ కాగితమే.

స్పైరల్‌లో పడితే ముందు పవర్ తగ్గించు, తరువాత రెక్కలు సమం చెయ్యి, ఆ తరువాతే ముక్కు ఎత్తు. వంగి ఉండగానే లాగితే మలుపు ఇంకా బిగుస్తుంది.

వేగం కొలవడానికి ఎదురుగాలి పట్టే పిటో గొట్టాన్ని ఎగిరేముందు చూడండి. మన దగ్గర మట్టిగూడు కట్టే కందిరీగ రెండు మూడు రోజుల్లోనే మట్టితో కన్నం మూసేయగలదు. కవర్ వేయకుండా విమానం వదలకూడదు. పిటో, దాని నీరు పోయే కన్నం రెండూ మూసుకుంటే ఎయిర్‌స్పీడ్ ఆల్టిమీటర్‌లా ప్రవర్తిస్తుంది: ఎక్కితే వేగం పెరిగినట్టు, దిగితే తగ్గినట్టు. బయటి గాలి పీడనం తీసుకునే స్టాటిక్ కన్నం మూసుకుంటే ఆల్టిమీటర్ కదలదు, వీఎస్‌ఐ సున్నా. అప్పుడు ఆల్టర్నేట్ స్టాటిక్ తెరవండి. అది తీసుకునే కాక్‌పిట్ లోపలి గాలి పీడనం కాస్త తక్కువ కాబట్టి ఎత్తు, వేగం రెండూ కొద్దిగా ఎక్కువ చూపిస్తాయి.

హెడింగ్ ఇండికేటర్ బాగున్నా జారుతుంది. ప్రతి 15 నిమిషాలకు, రెక్కలు సమంగా ఉన్నప్పుడు దిక్సూచితో కలపండి. మలుపులో దిక్సూచి అబద్ధం చెబుతుంది. అందుకే పార్షియల్ ప్యానెల్‌లో (కొన్ని పరికరాలు పోయినప్పుడు మిగిలినవాటితో నడపడంలో) దిక్సూచి వెంట పడకుండా గడియారం చూసి తిరగడం నేర్పుతారు: 90 డిగ్రీలకు 30 సెకన్లు.

ఆల్టిమీటర్ సెట్టింగ్ అంత ముఖ్యమా?

గాలి పీడనంలో ఒక హెక్టోపాస్కల్ తేడాకు ఎత్తులో సుమారు 27 అడుగులు. వాయుగుండం వచ్చినప్పుడు క్యూఎన్‌హెచ్ (ఏటీసీ చెప్పే, సముద్రమట్టానికి లెక్కగట్టిన పీడనం) 998 అయ్యి, మీరు ప్రామాణికమైన 1013 మీదే వదిలేస్తే తేడా 15, అంటే 400 అడుగులు. నిజంగా 1,600 అడుగుల్లో ఉన్నా ఆల్టిమీటర్ 2,000 అంటుంది. ఐఎల్‌ఎస్‌లో నిర్ణయం తీసుకోవలసిన ఎత్తు 200 అడుగులని గుర్తుంటే, ఈ 400 ఏం చేస్తుందో వేరే చెప్పనక్కర్లేదు. క్యూఎన్‌హెచ్ వినగానే తిప్పండి, తిరిగి చదివి చెప్పండి, మళ్లీ చూసుకోండి.

వీఓఆర్, ఎన్‌డీబీ, ఐఎల్‌ఎస్‌లలో ఎక్కడ తప్పులు వస్తాయి?

ఏదైనా సరే, స్టేషన్ పంపే మోర్స్ గుర్తింపు వినకుండా సూదిని నమ్మొద్దు. ఫ్రీక్వెన్సీలో ఒక్క అంకె తప్పితే ఇంకో స్టేషన్‌కు పోతారు.

వీఓఆర్ సూది పూర్తిగా పక్కకు పోతే 10 డిగ్రీలు, రన్‌వే మధ్యగీత చూపే ఐఎల్‌ఎస్ లోకలైజర్‌లో 2.5 డిగ్రీలే. వీఓఆర్‌కు అలవాటైన చేతితో లోకలైజర్‌ను సరిచేస్తే అటూ ఇటూ పాములా పోతారు. స్టేషన్ ఎంత దూరమో చెప్పే డీఎమ్‌ఈ ఏటవాలు దూరం చూపిస్తుంది; 6,000 అడుగుల్లో సరిగ్గా స్టేషన్ పైన ఉన్నా ఒక నాటికల్ మైలు అంటుంది.

ఎన్‌డీబీ (సూదిని తన వైపు తిప్పే రేడియో స్టేషన్) మన తీరంలో జాగ్రత్తగా వాడాల్సినది. రేడియో తరంగం ఒడ్డును ఏటవాలుగా దాటేటప్పుడు వంగుతుంది. సముద్రం మీద ఉన్నవాళ్లకు, నిజంగా ఉన్నదానికంటే ఒడ్డుకు దగ్గరలో ఉన్నట్టు లెక్క తేలుతుంది. ఉరుములుంటే సూది మెరుపు వైపు తిరుగుతుంది.

ఐఎల్‌ఎస్‌లో దిగే దారి మామూలుగా 3 డిగ్రీలు. దిగే వేగం కోసం నేలమీది వేగాన్ని 5తో గుణించండి: 90 నాట్లకు నిమిషానికి 450 అడుగులు, ఎదురుగాలిలో అది 75 అయితే 375. ఆ దిగే దారి చూపే గ్లైడ్‌స్లోప్ సూది కొసకు పోవడమంటే 5 మైళ్ల దగ్గర సుమారు 370 అడుగుల తేడా, 1 మైలు దగ్గర 74 అడుగులే. కాబట్టి దగ్గరయ్యేకొద్దీ సవరణ చిన్నదవ్వాలి: దూరంగా 5 డిగ్రీలు, చివర్లో 2. సూదిని తరమకండి. ఒక హెడింగ్ పట్టి, సూది ఎటు జరుగుతుందో చూసి, అప్పుడు మార్చండి.

ఐఎల్‌ఎస్ మొదటి స్థాయి కేటగిరీ 1లో నిర్ణయ ఎత్తు 200 అడుగులు, ఆర్‌వీఆర్ (రన్‌వే మీద కనిపించే దూరం) 550 మీటర్లు. అక్కడికి రాగానే రన్‌వే దీపాలు కనిపించకపోతే పవర్ పూర్తిగా, ముక్కు పైకి, మిస్డ్ అప్రోచ్ (దిగడం మానేసి మళ్లీ ఎక్కడం). ‘ఇంకో యాభై అడుగులు దిగి చూద్దాం’ అనే ఆలోచనకు చోటు లేదు.

హోల్డింగ్ దగ్గర అందరూ ఎందుకు తడబడతారు?

ఫిక్స్ (చుట్లు కొట్టాల్సిన గుర్తు స్థానం) మీదికి వచ్చాక ఆలోచించడం మొదలుపెడతారు కాబట్టి. ప్రామాణికం కుడి మలుపులు, 14,000 అడుగుల దాకా తిన్నగా పోయే లెగ్ ఒక నిమిషం. డైరెక్ట్, ప్యారలల్, టియర్‌డ్రాప్ అనే మూడు ప్రవేశాల్లో ఏదో ఫిక్స్‌కు రెండు మూడు నిమిషాల ముందే కాగితం మీద గీసి తేల్చుకోండి. పక్కగాలికి లోపలికి వచ్చేటప్పుడు ఎంత డ్రిఫ్ట్ (గాలి పక్కకు తోయడం) సరిచేశారో, బయటికి పోయేటప్పుడు దానికి మూడింతలు సరిచేయాలి, ఎందుకంటే రెండు మలుపుల్లోనూ గాలి తోసినదంతా ఆ ఒక్క లెగ్‌లోనే తీర్చాలి.

మన ప్రాంత వాతావరణంలో ప్రత్యేకంగా ఏం చూడాలి?

డిసెంబరు, జనవరి తెల్లవారుజామున నాగావళి, వంశధార లోయల్లో మంచు పడుతుంది. సాయంత్రం మెటార్‌లో (విమానాశ్రయ వాతావరణ నివేదికలో) ఉష్ణోగ్రతకూ డ్యూ పాయింట్‌కూ (తేమ నీటి బిందువులుగా మారే ఉష్ణోగ్రతకూ) తేడా రెండు మూడు డిగ్రీలకు తగ్గి, గాలి లేకపోతే తెల్లారి మంచు ఖాయమనుకోండి. మెటార్‌లో బీఆర్ అంటే పలచటి మంచు, దృశ్యత 1,000 నుంచి 5,000 మీటర్లు; ఎఫ్‌జీ అంటే దట్టమైన మంచు, 1,000 లోపు. సమయం యూటీసీలో (ప్రపంచ ప్రామాణిక సమయంలో) ఉంటుంది, మన సమయానికి ఐదున్నర గంటలు కలపాలి.

ఏప్రిల్, మే నెలల్లో మధ్యాహ్నం తరువాత తూర్పు కనుమల మీద క్యుములోనింబస్ (ఉరుముల మబ్బు) లేస్తుంది. ఇన్‌స్ట్రుమెంట్ రేటింగ్ ఉంది కదా అని దాంట్లోకి వెళ్లడానికి కాదు. కనీసం 20 మైళ్లు పక్కగా పోవాలి. అక్టోబరు తుఫానుల సంగతి ఈ రెండు జిల్లాలవాళ్లకు చెప్పనక్కర్లేదు. 2014 హుద్‌హుద్ విశాఖ విమానాశ్రయం కప్పునే చీల్చింది, 2018 తిత్లీ పలాస వైపు తీరం దాటింది.

కొండలను తక్కువ అంచనా వేయొద్దు. శ్రీకాకుళం సరిహద్దు దగ్గరి మహేంద్రగిరి 1,501 మీటర్లు, అంటే 4,900 అడుగుల పైనే. పర్వత ప్రాంతంలో ఐఎఫ్‌ఆర్‌కు ఎత్తైన అడ్డంకి మీద 2,000 అడుగులు ఎడం కావాలి. కాబట్టి అటువైపు 7,000కు తక్కువ ఆలోచనే వద్దు.

వానాకాలంలో ఐసింగ్ స్థాయి (నీరు గడ్డకట్టే ఎత్తు) మనకు 16,000 అడుగుల దరిదాపుల్లో ఉంటుంది కాబట్టి శిక్షణ విమానం రెక్కల మీద మంచు పేరుకోదు. కార్బురేటర్‌లో పేరుకుంటుంది. సెస్నా 152లో 25 డిగ్రీల ఎండలో కూడా, తేమ ఎక్కువుంటే, తక్కువ పవర్‌తో దిగేటప్పుడు ఆర్‌పీఎం నెమ్మదిగా పడిపోతుంది. కార్బ్ హీట్ (కార్బురేటర్‌కు వేడి గాలి పంపే మీట) పూర్తిగా లాగండి. ఇంజిన్ ఇంకా దగ్గుతుంది, కంగారుపడి వెంటనే మూసేయకండి. కరిగిన నీరు పోయాక ఆర్‌పీఎం పెరుగుతుంది.

చంద్రుడు లేని రాత్రి కళింగపట్నం, భావనపాడు వైపు సముద్రం మీద ఆకాశం, నీళ్లు ఒకటే నలుపు. వేట పడవల దీపాలు నక్షత్రాల్లా కనిపించి, లేని దిగంతాన్ని ఊహింపజేస్తాయి. ఆకాశం నిర్మలంగా ఉన్నా అది ఇన్‌స్ట్రుమెంట్ ఫ్లయింగే.

ఇంట్లో కంప్యూటర్ సిమ్యులేటర్ పనికొస్తుందా?

గంటలుగా లెక్కకు రాదు. స్కాన్‌కు, హోల్డింగ్ ప్రవేశాలకు, చార్టు చదవడానికి బాగా పనికొస్తుంది. ఆటోపైలట్ ఆపేయండి, బయటి దృశ్యం మూసేయండి, గాలి 20 నాట్లు పెట్టుకోండి. ట్రిమ్ ఒత్తిడి మాత్రం అది నేర్పదు. ఇన్‌స్ట్రక్టర్ లేకుండా గంటల తరబడి ఆడితే చెడ్డ అలవాట్లు గట్టిపడతాయి. అరగంట చాలు, ఒక్క పని మీదే.

తెలుగు మీడియంలో చదివాను. రేడియో భాష పట్టుబడుతుందా?

పట్టుబడుతుంది, ఎందుకంటే అది ఇంగ్లిష్ సంభాషణ కాదు, కట్టుబడిన వాక్యాలు. మూడును ‘ట్రీ’, ఐదును ‘ఫైఫ్’, తొమ్మిదిని ‘నైనర్’ అంటారు. రన్‌వే, క్యూఎన్‌హెచ్, హెడింగ్, లెవెల్, స్క్వాక్ కోడ్ (రాడార్‌లో మనల్ని గుర్తుపట్టించే నాలుగంకెలు) తిరిగి చదివి చెప్పాలి. ‘రోజర్’ అంటే చాలదు. ఏటీసీ వేగంగా మాట్లాడితే ‘సే అగైన్’ అనడంలో సిగ్గు లేదు. అర్థం కాకుండా అవునన్నదే ప్రమాదం. స్క్వాక్ కోడ్ రేడియో చచ్చిపోతే 7600, అత్యవసరానికి 7700.

స్కిల్ టెస్ట్‌లో ఎక్కువగా ఎక్కడ పోతుంది? రేటింగ్ ఎన్నాళ్లుంటుంది?

ఎత్తు తేడా 100 అడుగుల లోపల, ఐఎల్‌ఎస్ సూది సగం స్కేలు లోపల ఉంచడాన్ని శిక్షణలోనే హద్దుగా పెట్టుకోండి. చాలామందికి పోయేది చేతిపనిలో కాదు: మిస్డ్ అప్రోచ్ విధానం ముందే చదువుకోకపోవడం, మోర్స్ వినకపోవడం, హోల్డ్‌లో గడియారం నొక్కడం మరిచిపోవడం. అప్రోచ్ బ్రీఫింగ్‌ను పైకి గట్టిగా చెప్పడం అలవాటు చేసుకుంటే ఈ మూడూ ఒకేసారి పోతాయి.

రేటింగ్ ఏడాదికే. ప్రతి ఏటా చెక్ ఇచ్చి పొడిగించుకోవాలి. లైసెన్సు వచ్చాక ఉద్యోగం కోసం ఇంటి దగ్గర ఎదురుచూస్తున్నవాళ్లు ఆ తేదీ దాటనివ్వకండి. చెక్‌కు వెళ్లేముందు రెండు మూడు గంటలు సిమ్యులేటర్ మీద కూర్చోండి. ఆరు నెలల విరామంలో ముందుగా పోయేది స్కానే.